చంచలము వేఱు, వంచన వేఱు

ఆంగ్లపత్రికలు చదువు నలవాటు గలవారికి ఏటేట మృగశిరకార్తె ప్రవేశించిన పిమ్మట ఒక పదబంధము తప్పక కంటబడుచుండును. వాన వారముదినములు వెనుకబడిన చాలును, ‘ఫికిల్ మాన్‌సూన్’ అను శీర్షిక మొదటి పుటపై వెలయును. తెలుగు పత్రికలవారు దానిని ‘చంచలమైన ఋతుపవనము’ అని మార్చి సంతృప్తి పడుచున్నారు. మేమును ఆ పనిని పలుమాఱులు చేసినవారమే. ఆ యనువాదము సరియైనదేనా యను సందేహము మాకు నిఘంటువుల నడుమ కలుగలేదు. నారాయణఖేడు ప్రాంతమున ఒక చెఱువుకట్టపై కలిగినది.

ఆ యేడు మృగశిర గడచి ఆరుద్ర సగమైనను వాన జాడ లేదు. చెఱువు గర్భము నెఱ్ఱెలు వాఱి యుండెను. మత్తడిరాతిపై కూర్చున్న ఒక వృద్ధకర్షకుడు మా చేతిలోని పత్రికను చూచి, “పేపర్ల వాన సంగతి ఏమన్న రాసిండ్రా సారూ?” అని యడిగెను. మేము శీర్షిక చదివి, “వాన చంచలమైనదని వ్రాసినారు పెద్దయ్యా” అంటిమి. “చంచలమంటె లచ్చిమి గద! ఇంగిలీసోల్లు గూడ గట్లనే అంటరా?” అని ఆయన ముచ్చటపడెను. దాచుట యెందుకని, ఆ యింగ్లీషుమాటలో నిలుకడలేమితో పాటు కొంత మోసము, నమ్మకద్రోహము అను అర్థమును కలదని చెప్పితిమి. ఆయన నవ్వి, “వాన మనకు మాటిచ్చిందా సారూ, మోసం జేసిందనెటందుకు?” అనెను.

ఈ ప్రశ్న మమ్ము వదలలేదు. ఒక భాషలోని విశేషణమును మఱియొక భాషలోనికి తెచ్చునపుడు దాని వెంట ఒక నేరారోపణ కూడ దిగుమతి యగునేని, ఆ నేరము ఎవరిదో విచారింపక తప్పదు. మాటల విచారము పండితులకు ప్రొద్దుపోవుటకై కల్పింపబడినదని కొందఱి తలంపు. కాని నేరము వానపై మోపినచో చెఱువు పూడికను అడుగువా డుండడు. ఇది కేవలము నిఘంటువునకు సంబంధించిన విషయము కాదనుటకు ఈ యొక్క సంగతి చాలును.

‘ఫికిల్’ అనునది గ్రీకు లాటినులనుండి ఎరువు తెచ్చుకొన్న మాట కాదు. ఇంగ్లీషువారి స్వంత సొత్తు. ప్రాచీనాంగ్లమున ‘ఫికోల్’ అని దాని రూపము. కపటి, మోసగాడు అని దాని తొలి యర్థము. నిలుకడలేమి యను నర్థము తరువాత నడిమి యుగములలో క్రమముగా వచ్చి చేరినది. నేటి వాడుకలో ఈ రెండవ యర్థమే ముందుకు వచ్చి, మొదటిది వెనుకకు తగ్గినది. తగ్గినదే కాని పోలేదు. ఇంగువ కట్టిన గుడ్డకు ఇంగువ తీసివేసినను వాసన వదలనట్లు, ఆ మాటను పట్టుకొని మోసపువాసన ఇంకను ఉన్నది.

ఈ వాసన వాడుకలో స్పష్టముగా తెలియును. ఇంగ్లీషువారు ‘ఫికిల్’ అను విశేషణమును ఎవరికి తగిలింతురు? పూటకొక చెలికాని పట్టువానికి, ప్రేమించి విడిచినవారికి, నేడు జేకొట్టి రేపు రాళ్లు రువ్వు జనసమూహమునకు, ఒక దుకాణము విడిచి వేఱొక దుకాణము చేరు ఖాతాదారునకు. గడియారపు ముల్లు క్షణక్షణము కదలినను దానిని ఎవ్వరును ‘ఫికిల్’ అనరు. వేసవి పోయి వానలు వచ్చినను అనరు. పసిబిడ్డ దినదినము మాఱుచు పెరిగినను అనరు. మార్పు మాత్రముచేత ఈ మాట అన్వయింపదు. మాఱరాదని మన మాశించినచోట, నమ్మి నిలిచినచోట మాఱిననే అన్వయించును. నమ్మకము లేనిచోట ఈ విశేషణమునకు చోటు లేదు.

అదృష్టదేవతకు పాశ్చాత్యులు ఈ మాటను ఏనాటినుండియో బిరుదుగా ఇచ్చినారు. రోమకులు కొలిచిన ఈ దేవతకు నడిమి యుగములవారు చేతికి చక్రము నిచ్చి చిత్రించిరి. షేక్స్పియరు మహాకవి రోమియో జూలియట్ నాటకమున మూడవ అంకములో, ప్రియుడు వెడలిపోవుచుండగా నాయిక ఈ దేవతను తలంచుకొని, నిలుకడలేనిదానవని లోకులు నిన్నందురే, నిష్ఠకు పేరుగాంచిన నా ప్రియునితో నీకు పనియేమని ప్రశ్నించును. ‘ఫికిల్’ అను మాటకు ఎదురుమాట నిష్ఠ యని ఆ ఘట్టమును చదివిన విద్యార్థికిని తెలియును. నిశ్చలత్వము దాని ఎదురుమాట కాదు. ఇదియే ఈ మాటకు కీలకము.

మార్పును తెలుపు ఇంగ్లీషు విశేషణములు వేఱును గలవు. వానిలో ఈ నింద లేదు. ‘వేరియబుల్’ అనునది గణకుని మాట. కొలువదగినది, కొలిచిన ప్రతిమాఱు ఒకే లెక్క చూపనిది అని దాని భావము. బీజగణితమున మనవారు దీనికి చలరాశి యని పేరిడిరి. ‘వోలటైల్’ అనునది ఎగురుట యను నర్థముగల లాటిను ధాతువునుండి పుట్టినది; సీసామూత తీసిన వెంటనే ఎగిరిపోవు ద్రవములకు ముందు చెల్లి, తరువాత పత్తిధరకును వాటాల బజారునకును ప్రాకినది. ‘మెర్క్యూరియల్’ అనునది బుధగ్రహమునకును పాదరసమునకును పాశ్చాత్యులు పెట్టిన ఉమ్మడి పేరునుండి వచ్చినది. క్షణమున ఉల్లాసము, క్షణమున కోపము గల చుఱుకైన స్వభావమును చెప్పును. దీనిలో నిందకంటె మెప్పే కొంత ఎక్కువయేమో! ఈ మూడింటికిని ‘ఫికిల్’ నకును గల భేదమును మఱచి, నాల్గింటికిని ‘చంచలము’ అను ఒక్క మాటతో సరిపుచ్చుట మన పత్రికారచయితల సోమరితనము. అందు మా వంతును మేము ఒప్పుకొనుచున్నాము.

ఇక మన చంచలశబ్దమును విచారింతము. అమరకోశమున మెఱుపునకు చెప్పిన పేర్లలో చంచల, చపల అను రెండును గలవు. లక్ష్మికిని ఈ పేర్లు లోకప్రసిద్ధములు. అదే యమరకోశము పాదరసమునకు చపల మని పేరు చెప్పుచున్నది. పాశ్చాత్యుడు పాదరసమును చూచి చుఱుకు స్వభావమునకు పేరు పెట్టగా, మనవాడు చుఱుకు స్వభావమును చూచి పాదరసమునకు పేరు పెట్టినాడు. ఇరువురి చూపును ఒక్కచోటనే నిలిచినది. మెఱుపును చంచల యనువాడు మెఱుపు తన్ను వంచించినదని ఫిర్యాదు చేయుట లేదు. లక్ష్మిని చంచల యనువాడే శుక్రవారము ముంగిట ముగ్గు పెట్టించి ఆమెను ఆహ్వానించుచున్నాడు. నిలువని స్వభావము గలదని ఎఱిగియే పిలుచుచున్నాడు. ఎఱుగుటచేతనే ఇల్లు శుభ్రము చేసి దీపము పెట్టుచున్నాడు.

చపలచిత్తుడు, చాపల్యము అనునపుడు మనకును నింద లేదా యని కొంద ఱడుగవచ్చును. కలదు. కాని అది దౌర్బల్యమునకు చేయు నింద, ద్రోహమునకు చేయు నింద కాదు. చపలచిత్తుని చూచి జాలిపడుదుము. మాట తప్పినవానిని చూచి ఏవగించుకొందుము. తెలుగున ఈ రెంటికిని వేర్వేఱు మాటలు గలవు. ‘నిలుకడలేనివాడు’ వేఱు, ‘పూటకొక మాట మాటలాడువాడు’ వేఱు. ఖేడు బజారున తెలుగు, కన్నడము, మరాఠి, ఉరుదూ, లంబాడీ అయిదును వినవచ్చును. కన్నడము, మరాఠి భాషలవారు చంచలశబ్దమును మనవలెనే వాడుదురు. ‘ఫికిల్’ అను మాటకు తోబుట్టువు కావలెనన్నచో ఉరుదూలో వెదుకవలెను. ‘బేవఫా’ అనునది దానికి సరియైన జోడు. వానను బేవఫా యని ఖేడు రైతు ఎన్నడును అనడు.

మనస్సు చంచలమని గీత ఆఱవ యధ్యాయమున అర్జునుడు మొఱపెట్టుకొనెను. భగవాను డాతని మాటను కాదనలేదు; నిస్సంశయముగ నది చంచలమే, పట్టుట కష్టమే యని ఒప్పుకొనెను. ఒప్పుకొన్న పిమ్మట మనస్సును తిట్టుమని చెప్పక, అభ్యాసముచేతను వైరాగ్యముచేతను దానిని వశము చేసికొనుమని చెప్పెను. మన సంప్రదాయమున చంచలమైన దానికి మందు అభ్యాసము. ‘ఫికిల్’ అనిన దానికి మందు లేదు. విడిచిపెట్టుటయో, తిట్టుటయో మాత్రమే మిగులును. ఒకే వానను చంచల మన్నవాడు చెఱువు త్రవ్వును, ‘ఫికిల్’ అన్నవాడు ఆకాశము వంక చూచి నిట్టూర్చును. రెండు మాటలకును గల అంతరము ఇంతటిది.

వాన నిజముగా ఎంత చంచలము? ‘మాన్‌సూన్’ అను మాట యెక్కడనుండి వచ్చినదో చూచినచో కొంత ఆశ్చర్యము కలుగును. అరబ్బీ భాషలో ‘మౌసిం’ అనగా కాలము, నియమితమైన ఋతువు. అరబ్బు నావికులు గాలి యే నెలలలో ఏ దిక్కున వీచునో ఎఱిగి ఓడలు నడుపుటచేత ఆ గాలికి ఆ పేరు వచ్చినది. పోర్చుగీసులద్వారా అది ఇంగ్లీషున చేరినది. ఉరుదూ ‘మౌసం’ కూడ అదియే. నియమమునకు మారుపేరైన మాటకు ముందు ‘ఫికిల్’ అను విశేషణము తగిలించుట యనగా వేళకు వచ్చువాడను పేరు గలవానిని వేళ తప్పువాడని పిలుచుటయే.

మన రైతులకును కాల మొక లెక్క ప్రకారము నడచుచున్నది. మృగశిర, ఆరుద్ర, పునర్వసు, పుష్యమి మొదలు స్వాతి వఱకు కార్తెల వరుస ఏర్పఱచి, ఏ కార్తెలో ఏ విత్తు వేయదగునో పెద్దలు నిర్ణయించిరి. ఆ లెక్క కట్టినవారే ‘వాన రాకడ, ప్రాణము పోకడ ఎవ్వరికెఱుక’ అను సామెతను గూడ చెప్పిరి. ఋతువు నిశ్చయము, దినము అనిశ్చయము. ఈ రెండు సత్యములును ఒకే నోట పలికినవారు వానను ద్రోహి యని నిందింపలేదు.

శాస్త్రజ్ఞులు చెప్పునదియు దీనికి భిన్నము కాదు. భారత వాతావరణ శాఖ 1875లో స్థాపితమైనది. దాని వెంటనే 1876 – 78 సంవత్సరముల ఘోరమైన కఱవు దక్షిణాపథమును దహించెను. శాఖకు తొలి యధిపతియైన బ్లాన్‌ఫర్డు హిమాలయములలోని మంచును చూచి వర్షమును ముందుగా చెప్ప ప్రయత్నించెను. 1904 నుండి 1924 వఱకు ఆ శాఖను నడపిన గిల్బర్టు వాకరు అనేక దేశముల లెక్కలు ప్రోగుచేసి, పసిఫిక్ మహాసముద్రముమీది గాలిబరువు హెచ్చినపుడు హిందూమహాసముద్రముమీద తగ్గుననియు, ఇది తఱుగునపుడు అది హెచ్చుననియు, ఈ త్రాసు ఊగిసలాటకు మన వానలతో సంబంధము కలదనియు కనుగొనెను. పెరూ తీరమున సముద్రము వేడెక్కు ఎల్‌నినో సంవత్సరములలో మనకు వాన తఱుగు నవకాశ మెక్కువయని తరువాతివారు తేల్చిరి. అదియు తిరుగులేని శాసనము కాదు; 1997లో ఎల్‌నినో అతిబలముగ నున్నను దేశమున వర్షము సామాన్యముగానే కురిసినది.

దేశము మొత్తముమీద జూన్ మొదలు సెప్టెంబరు వఱకు కురియు వర్షము సగటున 87 సెంటీమీటర్లు. ఏటేట దీనియందు కనబడు హెచ్చుతగ్గులు సామాన్యముగా నూటికి పది పాళ్లకు అటునిటుగ నుండును. నూటికి పది యనిన అల్పమే యని తోచును. కాని దేశపు సగటు తాలూకాలో కురియదు. ఒక్కొక్క జిల్లాలో సగటుకంటె నూటికి 19 పాళ్లు తగ్గినను పెరిగినను వాతావరణ శాఖవారు దానిని సామాన్యవర్షమనియే వ్రాయుదురు. 20 తగ్గిననే కొఱత యందురు. ఆ 19 పాళ్లును ఆరుద్రలో తగ్గెనా హస్తలో తగ్గెనా యనుదానిపై రైతు బ్రతుకు ఆధారపడియున్నది. వీనినన్నిటిని శాస్త్రజ్ఞుడు ‘వేరియబుల్’ అనుచున్నాడు. ఆతని మాటయే సరియైనది. కొలువదగిన దానికి సిద్ధపడవచ్చును.

ఇట్లు వానను నిర్దోషియని విడిచిన పిమ్మట, ‘ఫికిల్’ అను నేరము ఎవరిపై నిలుచునో చూడవలెను గదా. దానికి ఖేడు చరిత్రమే మంచి తావు. ఖేడు అను మాట సంస్కృత ఖేటమునుండి వచ్చినది. కర్షకుల గ్రామమని దాని యర్థము. మరాఠిలో ఊరును నేటికిని ఖేడె యందురు. ఆ కర్షకులు కదలలేదు. వారి నేలయు, నల్లరేగడి, ఎఱ్ఱచెల్క, కందియు, జొన్నయు, కదలలేదు. వారిపై ఏలుబడి మాత్రము మాఱుచువచ్చెను. బహమనీ సుల్తానులు 15వ శతాబ్దమున గుల్బర్గానుండి బీదరునకు రాజధానిని మార్చిరి. ఆ వెనుక బరీదుషాహీలు, బిజాపురమువారు, మొగలాయిలు, నిజాములు వరుసగా వచ్చిరి. 1948 సెప్టెంబరులో హైదరాబాదు సంస్థానము భారతదేశమున చేరెను. అప్పటికి నారాయణఖేడు తాలూకా బీదరు జిల్లాలోనిది. 1956 నవంబరు 1వ తేదీన ఆ జిల్లా ముక్కలై, ఖేడు ఆంధ్రప్రదేశమునకు వచ్చి మెదకు జిల్లాలో చేరెను. 2014 జూన్ 2వ తేదీన తెలంగాణ రాష్ట్రముదయ్యెను. 2016 అక్టోబరు 11వ తేదీన సంగారెడ్డి జిల్లాలోని దయ్యెను. ఒక మనుష్యుని జీవితకాలములో ఒకే యింటి గుమ్మము ముందు మూడు రాష్ట్రముల పేర్లు, మూడు జిల్లాల పేర్లు మాఱినవి. ఇందు నిలుకడలేనిది కాగితము. నిలుకడ గలది ఊరు.

ఏఱు సంగతియు నిట్టిదే. మంజీర బాలాఘాటు కొండలలో పుట్టి, ఆగ్నేయముగా పాఱి తెలంగాణమున ప్రవేశించి, సంగారెడ్డి ప్రాంతమున ఉత్తరమునకు తిరిగి నిజాంసాగరమున నిలిచి కందకుర్తి యొద్ద గోదావరిలో కలియుచున్నది. ఖేడు ప్రాంతమునకు దక్షిణమున, తూర్పున, ఉత్తరమున మూడు దిక్కుల మంజీర యున్నది. నడుమ మెట్టపైన ఖేడు దాహముతో నున్నది. 1931 నాటికి పూర్తియైన నిజాంసాగరపు నీరు దిగువన నిజామాబాదు వైపు వరి పండించినది. ఎగువన దాదాపు 30 శతకోటి ఘనపుటడుగుల నీరు పట్టునట్లు కట్టిన సింగూరు జలాశయము ప్రధానముగా హైదరాబాదు నగరపు గొంతు తడుపుటకు వినియోగపడినది. నదిని ‘ఫికిల్’ అందమా? నది పల్లమునకు పాఱుట యను తన ధర్మమును ఒక్కనాడును తప్పలేదు. మెట్టకు నీ రెక్కింపవలసినది మనుష్యుడు.

ఆ మెట్టలకు పూర్వులు కనుగొన్న ఉపాయము చెఱువు. చంచలమైన వానకు అభ్యాసరూపమైన మందు అదియే. కట్ట, తూము, మత్తడి, ఆయకట్టు – వీనికొక ఒడంబడిక యుండెను. చెఱువు త్రవ్వించినవానికి, బాగుచేయువానికి దశబంధమను పేర భూమియందు భాగము లభించెడిది. నీరటికాడు తూము విప్పి కట్టి, చివరి మడికిని నీరు చేర్చి, పంటలో తన మేర పుచ్చుకొనెడివాడు. ఏటేట వేసవిలో ఊరివారు పూడిక తీసి పొలములకు తోలుకొనెడివారు. వాన మాట ఇయ్యలేదు. కాని మనుష్యులు ఒకరికొకరు మాట ఇచ్చుకొన్నారు. చెఱువనగా మట్టితో కట్టిన మాట.

ఆ మాటను తప్పినది ఎవరు? ఈ ప్రశ్నకు జవాబు చెప్పునపుడు ప్రభుత్వములను మాత్రమే వ్రేలెత్తి చూపుట మాకు న్యాయముగ తోచదు. మా పాఠకులలో భూస్వాములు గలరు, పట్టణవాసులైన గృహస్థులు గలరు. నీరు తగ్గిన ఏట శిఖము భూమిలో దుక్కి దున్నినవా రెవరు? రెండేండ్లు పంట తీసి, మూడవయేట నీరు నిండినపుడు తమ పైరు మునిగినదని రాత్రివేళ మత్తడి కొట్టినవా రెవరు? పట్టణముల చుట్టు చెఱువుగర్భములలో గజములలెక్కన ఇండ్లస్థలములు కొన్నవా రెవరు? బోరు వేయించుకొన్న నాటినుండి ఊరిచెఱువు పూడికకు మనిషిని పంపుట మానినవా రెవరు? వీరెవ్వరును వాన కాదు. ఇచ్చట ‘ఫికిల్’ అను మాట తన పూర్తి యర్థముతో, ప్రాచీనాంగ్లపు మొదటి యర్థముతో గూడ, అతుకుచున్నది.

ప్రభుత్వముల వంతును చెప్పవలెను. 2015లో మిషన్ కాకతీయ యను పేర తెలంగాణమున 46 వేలకు పైబడిన చెఱువుల పునరుద్ధరణము సంకల్పింపబడినది. 2022 ఫిబ్రవరి 21వ తేదీన నాటి ముఖ్యమంత్రి శ్రీ కల్వకుంట్ల చంద్రశేఖరరావుగారు నారాయణఖేడునకు వచ్చి, సింగూరు నీటిని మెట్టల కెక్కించు సంగమేశ్వర, బసవేశ్వర ఎత్తిపోతల పథకములకు శంకుస్థాపన చేసిరి. ప్రభుత్వములు మాఱుట ప్రజారాజ్యమున సహజము, ఆరోగ్యము. కాని శిలాఫలకముపై చెక్కిన మాట ఆ పక్షముది కాదు, ఈ పక్షముది కాదు, రాష్ట్రముది. ఒకరు ఇచ్చిన మాటను తరువాతివారు మోయనిచో రైతుకు పక్షములన్నియు నొక్కటే. శంకుస్థాపన చేసిన దినమున ఎందఱు కూడిరని లెక్కపెట్టుట మాని, తుదకు ఎన్ని ఎకరములు తడిసినవని లెక్కపెట్టుట జనులు నేర్చిననాడు, మాట ఇచ్చుటకు నాయకులు కొంత భయపడుదురు. ఆ భయము మేలు చేయును.

రాజకీయముల సందర్భమున ఈ విశేషణము మఱియొక అన్యాయపు వాడుకకు గుఱియగుచున్నది. ఓడిన నాయకులు ఓటర్లను ‘ఫికిల్’ అందురు. ఒకయేట ఒకరికి, అయిదేండ్లకు వేఱొకరికి ఓటు వేసినవాడు ద్రోహియా? ఆతడు ఎవరికిని మాట ఇయ్యలేదు. పని చూచి తీర్పు మార్చుకొనుటకే రాజ్యాంగము ఆతనికి ఓటు నిచ్చినది. ఒక పక్షపు గుర్తుపై గెలిచి, గెలిచిన చేతులతోనే వేఱొక పక్షపు కండువా వేసికొన్నవాడు మాత్రము మాట ఇచ్చి తప్పినవాడు. అట్టివారి నడ్డుకొనుటకే 1985లో 52వ సవరణచే రాజ్యాంగమున పదవ యనుబంధము చేర్చిరి. 2003లో 91వ సవరణచే బిగించిరి. ఒక విశేషణముయొక్క సరియైన యర్థమును రక్షించుటకు పార్లమెంటు రెండుమాఱులు శ్రమపడవలసి వచ్చెనని చెప్పిన అతిశయోక్తి కాదు.

ఇంకను బాధాకరమైన వాడుక యొకటి గలదు. ఖేడు ప్రాంతపు తండాలనుండియు పల్లెలనుండియు బీదజనులు పంటలు కోసికొన్న పిమ్మట చెఱకు నఱకుటకు కుటుంబములతో దూరప్రాంతములకు, పొరుగు రాష్ట్రములకు గూడ పోవుచుందురు. ఇండ్లకు తాళములు పడును. ముసలివారు గుమ్మములయొద్ద మిగులుదురు. బడిలో పిల్లల హాజరు తఱుగును. వీరిని ‘నిలుకడలేని జనము’ అని పట్టణమున కొంద రనగా మేము చెవులార వింటిమి. వానకాలమునకు విత్తనముల వేళకు తిరిగివచ్చి అదే చెల్కలో అదే నాగలి పట్టువాడు నిలుకడలేనివాడా? ఏడాదిలో సగము దినములు ఊరు విడిచియు ఊరిని విడువని నిష్ఠ వారిది. వారి కాళ్లు చలించుచున్నవి, మనస్సు కాదు. నీరు నిలిచినచోట వారును నిలుతురు.

కావున మా మనవి యిది. ‘ఫికిల్’ అను విశేషణమును ఇంగ్లీషున వాడువారు, తెలుగున దించువారు, మొదట ఒక ప్రశ్న వేసికొనవలెను: మాఱినది మనకు మాట ఇచ్చినదా? ఇయ్యనిచో, అది చంచలము, చలము, అస్థిరము – ఏదో యొక నిందలేని మాట చాలును. ఆ మాట వెంట సన్నాహము రావలెను. మాట ఇచ్చినదేని, చంచలమను మెత్తని పరదా కప్పరాదు. మాట తప్పినవాడని తెలుగున నిండునోట చెప్పవలెను. నేరము లేనివానిని నిందించుట యెంత తప్పో, నేరము చేసినవానిని మృదువుగా పేర్కొనుటయు నంతే తప్పు. రెండు తప్పులును ఒకే యనువాదముతో జరుగుచున్నవి.

మాకు ఆ చెఱువుకట్టపై ప్రశ్న వేసిన పెద్దమనిషికి ఆనాడు జవాబు చెప్పలేకపోతిమి. నేడు చెప్పుచున్నాము: వాన మనకు మాట ఇయ్యలేదు పెద్దయ్యా; మాట ఇచ్చినవారము మేమే. ఇకమీదట మా పత్రికకు ఆ యింగ్లీషు శీర్షిక వచ్చినపుడు, ‘ఈ యేడు వాన ఆలస్యము’ అని మాత్రము వ్రాయుదుము. దాని ప్రక్కనే, ఆ తాలూకాలో ఎన్ని చెఱువులకు పూడిక తీసిరో, ఎన్ని తూములు పనిచేయుచున్నవో విచారించి వ్రాయుదుము. పాఠకులు మమ్ము ఈ మాటకు పట్టుకొందురుగాక.